ఫోన్లో జగదీశ్వరరావు తోట

మా బావమరిది సీతారాం గురించి కాశీబుగ్గలో ఎవరినడిగినా రెండు సంగతులు చెబుతారు. చేతిలో పనితనం ఉంది, నోట్లో మాట లేదు. మూడో సంగతి నాకూ, ఇంకొకావిడకీ తప్ప ఎవరికీ తెలియదు. చెప్పకుండా ఉందామనే అనుకున్నాను. కానీ నా కడుపులో మాట నిలవదని మా ఆవిడ పెళ్ళైన కొత్తలోనే కనిపెట్టింది.

నా పేరు పోలారావు. పాత బస్టాండు దగ్గర జెరాక్సు షాపు నాది. గోడకి అవతల సీతారాం షాపు. వాళ్ళమ్మ పేరు మీద బొడ్డమ్మ మొబైల్స్ అని పెట్టాడు. సొంతూరు కంచిలి దగ్గర. ఇంటర్ మధ్యలో మానేసి బరంపురంలో ఒక ఒడియా ఆయన దగ్గర ఆరేళ్ళు రిపేరు పని నేర్చుకున్నాడు. అందుకే ఇప్పటికీ ఫోన్ మాట వినకపోతే ఒడియాలోనే తిడతాడు. మనుషుల్ని తిట్టడం మాత్రం ఏ భాషలోనూ రాదు.

వాడు చేసిన పెద్ద తప్పు ఒకటే. అది కూడా మంచికి పోయి చేసింది. పదేళ్ళ కిందట ఉద్దానంలోకి స్మార్ట్‌ఫోన్లు ఒక్కసారిగా వచ్చి పడ్డాయి. కొబ్బరి కోసేవాళ్ళు, జీడిపిక్కలు కొట్టే ఆడవాళ్ళు, అందరూ వీడి దగ్గరికే వచ్చేవారు. కొత్త ఫోన్ తెరవగానే జీమెయిల్ అడుగుతుంది. "మెయిలేటి, పాసువర్డేటి, అయ్యన్నీ నాకెందుకు, నువ్వే ఏదోటి కొట్టీ" అనేవారు. వీడు షాపు కోసం పెట్టుకున్న మెయిల్ ఒకటుంది, అదే కొట్టేసేవాడు. ఒకరికి కాదు, ఇద్దరికి కాదు, మూడు వందల మందికి. అలా సగం ఉద్దానం మా అత్తగారి పేరు మీద నడిచింది. ఆవిడ మాత్రం సెల్‌ఫోన్ ముట్టకుండానే పోయారు.

మొదట్లో చిన్న చిన్న గొడవలొచ్చాయి. ఒకరి ఫోన్లో నంబర్లు ఇంకొకరి ఫోన్లో తేలేవి. పూండిలో ఒకావిడ ఫోన్లో ఎవరిదో దినం భోజనాల ఫోటోలు వచ్చాయి. పోయినాయన పటానికి దండ వేసి ఉంది, ఆయనెవరో ఆవిడకి తెలియదు. ఆవిడ మూడు రోజులు జ్వరంతో పడుకుంది. సీతారాం అలాంటివి వచ్చినప్పుడల్లా ఆ ఫోన్లో ఏవో నొక్కి ఆపేసేవాడు. మెయిళ్ళు మార్చాలంటే మూడు వందల మందినీ మళ్ళీ పిలవాలి. రేపు, మాపు అంటూ వదిలేశాడు.

ఆటల సంగతి మాత్రం వాడికి తట్టలేదు. నిజానికి ఆటలు మార్చడంలో వాడిని మించినవాడు పలాసలో లేడు. కాలేజీ కుర్రాళ్ళు కొత్త ఫోన్ కొనగానే ప్రాణం పోతున్నట్టు పరిగెత్తుకొచ్చేవారు, లెవెల్ పోతుందేమోనని. వీడు ముందు ఆ ఆట ఏ మెయిల్‌కి కట్టి ఉందో చూస్తాడు. ఏ మెయిల్‌కీ కట్టకుండా ఆడుతుంటే అప్పుడే కట్టిస్తాడు. కొత్త ఫోన్లో అదే మెయిల్‌తో తెరిచి, లెవెల్, నాణేలు, ఆయుధాలు అన్నీ వాడికి చూపించి, సరిపోయాయని వాడి నోటితో అనిపించాక గానీ పాత ఫోన్ చెరపడు. కుర్రాళ్ళకి ఎవరి మెయిళ్ళు వాళ్ళకుంటాయి కాబట్టి ఇబ్బంది రాలేదు. షాపు మెయిల్ పెట్టుకున్న పెద్దవాళ్ళు కూడా ఆటలాడతారని వాడు అనుకోలేదు.

రెండేళ్ళ కిందట వేసవిలో కమలకుమారి గారు వచ్చింది. వజ్రపుకొత్తూరు అవతల సముద్రం హోరు వినిపించే ఊరు వాళ్ళది. ఆవిడ భర్త జగదీశ్వరరావు పెద్ద కొబ్బరి రైతు. తిత్లీ తుపానుకి నలభై ఏళ్ళ చెట్లు ఒక్క పూటలో పడిపోయాయి. మళ్ళీ మొక్కలు వేశాడు. అవి మోకాలెత్తు రాకముందే కిడ్నీలు పాడైనట్టు తేలింది. ఎందుకొస్తుందో ఇంతవరకూ తేలని జబ్బు, మా వైపు ఇంటికొకరిని పట్టుకుంటుంది. వారానికి మూడు రోజులు పలాసలో డయాలసిస్. నాలుగు గంటలు ఒక చెయ్యి కదపకూడదు. రెండో చేత్తో ఫోన్లో తోట ఆట మొదలుపెట్టాడు. అందులో కొబ్బరి చెట్లు వేసుకున్నాడు. అక్కడ చెట్టు మూడు రోజుల్లో కాపుకొస్తుంది. మూడేళ్ళు అలా గడిపి, కార్తీకంలో పోయాడు. పన్నెండో రోజు భోజనాలకి సీతారామూ నేనూ వెళ్ళొచ్చాం.

ఆవిడ ఫోన్ని చేతిగుడ్డలో చుట్టి తెచ్చింది. బ్యాటరీ ఉబ్బి వెనక మూత లేచిపోయింది.

"బాబూ, కొత్త ఫోనియ్యి. ఇందులో ఆట అందులోకి రావాల. ఉన్నది ఉన్నట్టు."

"వత్తాది పిన్నీ. మీరాడతారేటి?" అన్నాడు సీతారాం.

"నానా? నాను ముట్టను. సూత్తానంతే. ఆయనాడతాడు."

నేను అప్పుడే టీ గ్లాసులు పట్టుకుని వాడి షాపులోకి వచ్చాను. ఇద్దరం మొహాలు చూసుకున్నాం. పాపం, మనిషికి కాస్త తేడా చేసిందనుకున్నాను.

ఆవిడ ఆట తెరిచి మాకు చూపించింది. "పొద్దున్న సెట్ల నిండా కాయలుంటాయి. మజ్జాన్నం సూత్తే కోసీసి ఉంటాయి. మొన్న నూతి పక్కన బంతి మొక్కలేసినాడు. బతికుండగా నానో పూలమొక్క ఏత్తే, దీన్ని కూరొండుతావేటి అనీవోడు. ఇప్పుడు సూడు, గట్టు సుట్టూ బంతే." అని నవ్వింది. భర్త మీద నెగ్గిన ఆడదాని నవ్వు అది.

అంతలో తెర ఆగిపోయి, దాని మీద ఇంగ్లీషులో ఏదో వచ్చింది. ఆవిడ ఫోన్ నాకిచ్చింది. ఈ తోట వేరే ఫోన్లో తెరిచి ఉంది, కాసేపాగి రండి అని ఉంది. చదివి చెప్పాను.

"అదే. మా మేనల్లుడూ అలాగే సదివినాడు. ఆయన లోపలున్నప్పుడు నన్ను రానీడు. తోట పనిలో ఉన్నప్పుడు పలకరిత్తే ఇసుక్కోడం ఆయనకలవాటే గదా."

నాకు దెయ్యాలంటే నమ్మకం లేదు. అయినా ఆ ఎండలో నా చేతుల మీద వెంట్రుకలు లేచి నిలబడ్డాయి. సీతారాం మొహంలో నెత్తురు చుక్క లేదు. వాడికి సంగతి అర్థమైపోయింది.

కొత్త ఫోన్ తెరిచి, ఆట దింపి, తోట తెప్పించాడు. ఆవిడ చెట్లు లెక్కపెట్టుకుంది. కోళ్ళు, గేదె, నుయ్యి, ఆయన కూర్చునే అరుగు, అన్నీ ఉన్నాయో లేదో చూసుకుంది. అంతా చూశాక ఒక మాట అడిగింది.

"ఆయనకి దారి తెలుస్తాదా బాబూ? పాత ఫోన్లోకే ఎల్లిపోడు గదా?"

"తెలుస్తాది పిన్నీ" అన్నాడు వాడు. సీతారాం అబద్ధం చెప్పగా వినడం నాకదే మొదలు.

ఆవిడ ఆటో ఎక్కగానే పట్టుకున్నాను. "ఏట్రా ఇది?"

"నా మెయిలే బావా. ఆయన ఫోన్లో ఏసింది కూడా అదే. అదే మెయిలున్న ఇంకెవలో అదే ఆట తెరిసినారు. ఆళ్ళకి ఈయన తోటొచ్చీసింది. ఆళ్ళు ఆడుకుంటన్నారు, ఈవిడ సూసుకుంటంది."

"అయితే పిలిచి చెప్పెయ్. గోటితో పోయేదాన్ని గొడ్డలి దాకా తెచ్చుకోకు."

"ఏటని సెప్పను? నీ మొగుడు కాదు, ఎవలో దారిన పోయేవోలని సెప్పనా? ఆవిడ నవ్వింది సూసినావు గదా బావా. నిజం సెప్తే ఆయన మళ్ళీ సచ్చిపోతాడు."

ఆ సాయంత్రం ఆ మెయిల్ ఏయే ఫోన్లలో ఉందో జాబితా తీసి, నా ప్రింటర్ మీద అచ్చు వేయించాడు. పదకొండు కాగితాలొచ్చాయి. మనుషుల పేర్లుండవు. ఫోన్ రకం, ఊరు, అది చివరిసారి కనిపించిన తేదీ, అంతే. కానీ ప్రతి ఫోన్ వాడి చేతిమీదుగా వెళ్ళిందే. వేలు పెట్టి చదువుకుంటూ వచ్చాడు. "ఇది సన్యాసయ్యది. మాఘంలో ఆగిపోనాది. ఇది రెయిల్వే గేటు పక్క టైలరుది. ఇది ఆ బ్యాంకు గుమాస్తా పెళ్ళానిది, పోయిన దసరాకి."

"ఫోన్లు పాడైపోయాయేమోలేరా" అన్నాను.

"ఫోన్లు పాడవలేదు బావా" అన్నాడు. మూడో కాగితం దగ్గర నేనే ఆపమన్నాను. ఆ పదకొండు కాగితాలూ రాత్రి నా షాపులో ఉంచుకోడానికి మనసొప్పలేదు. చుట్టి వాడి షాపులో పెట్టించేశాను.

ఆడుతున్నదెవరో ఆ జాబితాని బట్టి మర్నాటికి తేలింది. సుధారాణి అని పూండి పిల్ల, పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీలో పప్పు ఏరుతుంది. ఏదో వంక పెట్టి షాపుకి పిలిపించాడు.

"ఆ తోటా? నువ్వు ఫోన్తో పాటు ఊరికే ఇచ్చినావనుకున్నానన్నియ్యా. తెరవగానే ఎనభై సెట్లు, గేది, కోళ్ళు. మా ఫేక్టరీ పిల్లలందరూ కుళ్ళిపోనారు" అంది ఆ పిల్ల. బంతి మొక్కలు ఆ పిల్లవేనన్నమాట.

సీతారాం ఆ పిల్లని మానమనలేదు. రోజూ తప్పకుండా ఆడమని బతిమాలాడు. ఎందుకో చెప్పలేదు. ఆ పిల్ల వీడిని వింతగా చూసి, సరేనని నవ్వుకుంటూ పోయింది. నాలుగు నెలలు ఆడింది. తర్వాత ఓ రోజు రీఛార్జికొచ్చి, "బోరు కొట్టీసిందన్నియ్యా, తీసీసినాను. ఇప్పుడు బస్సు తోలీ ఆటాడతన్నాను" అని చెప్పి వెళ్ళిపోయింది. తప్పు పట్టడానికేముంది? ఆటంటే బోరు కొట్టేదాకానే కదా.

ఆ పిల్ల మానేసిన నాలుగో రోజు పొద్దున్నే, షాపు తెరవకముందే, కమలకుమారి గారు మెట్ల మీద కూర్చుని ఉంది. పెదాలు ఎండిపోయి ఉన్నాయి. రెండు రోజులుగా ఏమీ తినలేదని తర్వాత తెలిసింది.

"మూడ్రోజులై కోత లేదు బాబూ. కాయలు సెట్ల మీదే ఉండిపోనాయి. ఆ ఇంగిలీసు మాట కూడా రాలేదు. ఆయనకేటైనా అయ్యిందేటి?"

చచ్చిపోయిన మనిషికి ఏమైనా అయిందేమోనని ఆవిడ భయం. సీతారాం ఫోన్ తీసుకుని అటూ ఇటూ తిప్పి, "సర్వరు పాడైంది పిన్నీ, రేపటికి అయిపోతాది" అన్నాడు. మర్నాడు పొద్దున్న ఆరింటికి వాడు తన ఫోన్లో ఆ తోట తెరిచి, కాయలు కోసేశాడు.

అక్కడి నుంచి ఏడాదిన్నర, ఒంట్లో బాగున్నన్నాళ్ళూ ఒక్క రోజు తప్పకుండా. పొద్దున్న ఆరింటికి కోత, సాయంత్రం నీళ్ళు. వాడు పుట్టింది తోటలున్న ఇంట్లోనే. వాళ్ళ నాన్న నేల అమ్ముకున్నాక చెట్టు మొహం చూడలేదు. ఇప్పుడు తెర మీద కొబ్బరి కింద జీడి, జీడి పక్కన పనస, మన వైపు వేసుకునే పద్ధతిలో నాటుకుంటూ వచ్చాడు. వాడి భార్య చిన్నమ్మికి మాత్రం అనుమానం పుట్టింది. తెల్లవారకుండా పెరట్లోకి పోయి ఫోన్ పట్టుకుంటున్నాడు, ఎవర్తో మాట్లాడుతున్నాడేమో కనుక్కోమని నన్ను బతిమాలింది. కనుక్కుని చెప్పాను, కొబ్బరికాయలు కోస్తున్నాడని. అది నన్ను నమ్మలేదు.

నెలకోసారి కమలకుమారి గారు ఏదో పని మీద వచ్చి, షాపులో కాసేపు కూర్చుని తోట సంగతులు చెప్పేది. ఆయన ఇలా చేశాడు, ఆయన అలా నాటాడు, మళ్ళీ పాత బుద్ధులొచ్చాయి, బంతి మొక్కలు పీకేశాడు. తను చేసిన పనులన్నీ చచ్చిపోయినాయన పేరున వింటూ సీతారాం తేలు కుట్టిన దొంగలా తలొంచుకుని ఏదో ఫోన్ విప్పుతూ ఉండేవాడు. ఆవిడ వెళ్ళాక చూస్తే, ఆ విప్పిన ఫోన్ బాగైపోయినదే, ఊరికే మళ్ళీ విప్పాడు.

ఒకసారి వేలు జారి కోళ్ళన్నీ అమ్మేశాడు. మర్నాడే ఆవిడొచ్చింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"కోళ్ళమ్మీసినాడు బాబూ. సేతిలో లేనప్పుడు తప్ప ఆయన కోళ్ళమ్మడు. అక్కడేటి లోటొచ్చిందో ఏటో."

ఆ అమావాస్యకి ఆవిడ ఆయనకిష్టమైనవన్నీ వండి అరటాకులో పెట్టింది. పక్కన ఒక కొబ్బరి బోండాం కూడా పెట్టిందట. చివరి మూడేళ్ళూ ఒక్క బోండాం కూడా తాగనివ్వలేదు డాక్టర్లు. కాకి వచ్చేదాకా ఎండలో నిలబడిందని వాళ్ళ మేనల్లుడు చెప్పాడు. ఆ మాట విన్న రోజు సీతారాం భోజనం చెయ్యలేదు. పదకొండు రోజులు కష్టపడి, కాయలు అమ్మి అమ్మి, అన్ని కోళ్ళనూ మళ్ళీ కొన్నాడు.

"ఇంక చాలురా" అన్నాను నేను. "ఆవిణ్ణి మోసం చేస్తున్నావు. నిన్ను నువ్వు కూడా."

"తెలుసు బావా. ఎలా ఆపాలో సెప్పు, ఆపీత్తాను."

చెప్పలేనందుకు వాడి మీదే కోపం తెచ్చుకుని వారం రోజులు టీ తేలేదు.

చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు, ఆ నెలల్లోనే వాడు మెయిళ్ళన్నీ సరిచేశాడు. ఒక్కొక్కరినీ పిలిచి సొంత మెయిల్ పెట్టించి, వాళ్ళవి వాళ్ళకి అప్పజెప్పాడు. బతికున్నవాళ్ళ పని అయ్యాక పాస్‌వర్డ్ మార్చేశాడు. ఇక ఆ మెయిల్ మిగిలింది రెండు ఫోన్లలోనే. ఒకటి ఆవిడది, ఒకటి వీడిది. ఆ మెయిల్‌లో ఉన్నది ఆ తోటొక్కటే.

పోయిన శ్రావణంలో కిడ్నీ పరీక్షల క్యాంపు పెడితే, షాపు ఎదురుగానే కదా అని ఇద్దరం రక్తం ఇచ్చాం. నాది బాగానే ఉంది. ఒకటికి అటూ ఇటూగా ఉండాల్సిన క్రియాటిన్ వాడికి ఆరు దాటింది.

రిపోర్టు నా షాపులోనే జెరాక్సు తీశాం. రెండు కాపీలు వంకరగా తీశాను. వాడు మాత్రం నెమ్మదిగా అన్నాడు. "ఆయన పని సేత్తన్నాను గదా బావా. ఆయన జబ్బు కూడా నాకే ఇచ్చీసినాడు."

"నోరుముయ్. ఊరంతటికీ ఉంది ఈ జబ్బు. వాళ్ళందరూ ఆటలాడారా?" అని అరిచాను. వాడు తలూపాడు గానీ ఒప్పుకోలేదు. ఆ రోజు నుంచీ ఆ తోట తెరవడానికి వాడు భయపడటం నేను చూశాను. ఆ అరుగు మీద ఎవరో ఉన్నట్టుంటుందనేవాడు. ఆటలో ఆ అరుగు ఎప్పుడూ ఖాళీయే. భయపడుతూనే తెరిచేవాడు, ఆవిడ కోసం.

డయాలసిస్ మొదలుపెట్టినప్పుడు వాడిని రెండు రోజులు ఆస్పత్రిలోనే ఉంచారు. ఆ వారమే కమలకుమారి గారు చూడటానికొచ్చింది. మంచం పక్కన స్టూలు మీద అలవాటుగా కూర్చుంది. మూడేళ్ళు కూర్చున్న స్టూలది. "నీళ్ళు తాగాలనిపిత్తే ఐసు ముక్క నోట్లో ఎట్టుకో బాబూ. కొంచం ఆగుతాది" అని చెప్పింది. తోట ఊసే ఎత్తలేదు. వాడూ ఎత్తలేదు.

మొన్న మాఘంలో వాడికి చేతి దగ్గర సూది పెట్టే చోట చీము పట్టి, జ్వరం తలకెక్కింది. విశాఖపట్నం తీసుకెళ్ళాం. తొమ్మిది రోజులు మనిషి మనిషిలో లేడు. ఫోన్ చిన్నమ్మి సంచిలో అడుగున పడి ఉంది, ఛార్జింగు కూడా లేదు. నాలుగో రోజు స్పృహ లేకుండానే "కాయలు... కాయలు" అన్నాడు. చిన్నమ్మి నా వైపు చూసింది. నేనింతకాలం నిజమే చెప్పానని దానికి అప్పుడు తెలిసింది.

బతికి వచ్చాడు. పలాస వచ్చాక మొదటి డయాలసిస్‌కి నేనే పక్కన కూర్చున్నాను. మిషన్ తిరుగుతోంది. వాడు ఫోన్ అడిగాడు. వద్దన్నాను, వినలేదు.

"పద్దెనిమిది రోజులు బావా. అన్నీ ఎండిపోయుంటాయి. ఆవిడేటి సేసుకుందో" అంటూ తెరిచాడు.

తోట పచ్చగా ఉంది. కాయలు కోసి ఉన్నాయి. మొక్కలకి నీళ్ళు పెట్టి ఉన్నాయి. కోళ్ళకి మేత వేసి ఉంది. నుయ్యి పక్కన కొత్తగా నాలుగు కొబ్బరి మొక్కలు నాటి ఉన్నాయి.

సీతారాం ఫోన్ని గుండె మీదకి జార్చేశాడు. కళ్ళు పెద్దవై నన్ను చూస్తున్నాయి. మిషన్ కూతపెట్టింది, నర్సు పరిగెత్తుకొచ్చింది. "కదలకండి, బీపీ పడిపోతోంది" అంది.

"ఆయనే బావా" అన్నాడు. "ఆయనొచ్చీసినాడు. నాకోసరం సోటు సేసి ఉంచినాడు. నాలుగు సెట్లేసినాడు, సూడు."

నేను చూశాను. చెప్పానుగా, నాకు నమ్మకాల్లేవు. కానీ పాస్‌వర్డ్ మార్చింది నా ఎదుటే, వాడి ఫోన్ ఆగిపోయి ఉంది, అదీ నా ఎదుటే. ఒక్క క్షణం నేనూ నమ్మాను. ఆ వార్డులో పన్నెండు మిషన్లు తిరుగుతుంటే, ఆ చచ్చిపోయిన మనిషి ఏ మంచం దగ్గరో నిలబడి ఉన్నాడనిపించి వెనక్కి తిరిగి చూశాను. ఆ సంగతి ఒప్పుకోడానికి ఇప్పుడు సిగ్గుపడను.

తర్వాత రెండో ఫోన్ గుర్తొచ్చింది. వరండాలోకి వెళ్ళి కమలకుమారి గారికి ఫోన్ చేశాను. ఏం అడగాలో తెలియక, "అమ్మా, తోట..." అన్నాను.

"నానే బాబూ" అంది ఆవిడ. "పిల్లడు బతికొచ్చి తెరిసేసరికి ఎండిపోయి ఉండకూడదని కోసినాను. ఆయన పక్కన మూడేళ్ళు కూకుని సూసినాను గదా, ఆ మాత్రం రాదేటి?"

"అంటే... మీకు తెలుసా?"

ఫోన్లో వెనకనుంచి సముద్రపు హోరు వినిపించింది.

"కోళ్ళు మళ్ళీ వచ్చిననాడే అనుమానమొచ్చింది. మా ఆయన అమ్మినదాన్ని మళ్ళీ కొనీ మనిషి కాదు. పంతం ఎక్కువ. తరవాత, సీతారాం మొదటిసారి ఆస్పత్రిలో పడుకున్న రెండ్రోజులూ తోటలో కోత లేదు. ఇంకేటి తెలియాలి? ఆ రాత్రి బాగా ఏడిసినాను. ఆయన పోయినాడని అప్పుడే తెలిసినట్టైంది. కానీ పొద్దున్న లేచి సూత్తే మళ్ళీ కోసి ఉన్నాది. నాకోసరం ఒకడు, తన పేణం బాగోకపోయినా లేచి కోత్తన్నాడు. వొద్దని ఎలా సెప్పను?"

"వాడు భయపడి చచ్చేలా ఉన్నాడమ్మా. ఆయన వచ్చాడనుకుంటున్నాడు."

"ఫోన్ ఆడికియ్యి" అంది.

వార్డులోకి వెళ్ళి వాడి చెవి దగ్గర పెట్టాను. ఆవిడ ఏం చెప్పిందో నాకు వినపడలేదు. వాడు "పిన్నీ" అని ఒక్క మాటే అన్నాడు. తర్వాత ఏడ్చాడు. క్రియాటిన్ కాగితం చూసినప్పుడు ఏడవని మనిషి, సూదులకి ఏడవని మనిషి, ఆ రోజు పన్నెండు మంచాలవాళ్ళూ వింటుండగా చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. ఎవరూ ఏమీ అడగలేదు. ఆ వార్డులో ఎవరినీ ఎందుకేడుస్తున్నావని అడగరు.

అప్పటి నుంచి పొద్దుటి కోత ఆవిడది, సాయంత్రం నీళ్ళు వీడివి. ఇద్దరూ దొంగతనం లేకుండా ఆడుకుంటున్నారు. నాకు మనసు తేలికపడింది. ఈ మధ్య ఆవిడ కాళ్ళలో నీరు దిగుతోందని వాళ్ళ మేనల్లుడు చెప్పేదాకా.

పోయిన శనివారం డయాలసిస్ మధ్యలో సీతారాం, "బావా, నీ ఫోనోసారి తే" అన్నాడు. రీఛార్జి చెయ్యడానికేమో అనుకుని ఇచ్చాను. సూది లేని చేత్తోనే నెమ్మదిగా ఏవేవో నొక్కాడు. ఆట దించాడు. మెయిల్ కొట్టాడు. నా ఫోన్లో ఆ తోట తెరుచుకుంది. ఎప్పుడూ చేసినట్టే, చెట్లు, కోళ్ళు, గేదె, నుయ్యి, అన్నీ నాకు చూపించాడు.

"సరిపోనాయా?" అని అడిగాడు.

అప్పుడు అర్థమైంది నాకు. "నాకెందుకురా ఇది? తీసెయ్. నాకు ఆటలు రావు. నువ్వున్నావు, ఆవిడుంది" అన్నాను. గొంతు పెరిగింది. నర్సు నా వైపు చూసింది.

"ఉన్నాం" అన్నాడు వాడు. "నీ రిపోర్టు బాగున్నాది గదా బావా. అందుకని నీకిత్తన్నాను."

వాడు నా సమాధానం కోసం ఫోన్ పట్టుకుని అలాగే ఉన్నాడు. చెయ్యి నొప్పెడుతున్నట్టుంది.

"సరిపోయాయి" అన్నాను.

వాడు నన్ను దగ్గరికి వంగమని, పాస్‌వర్డ్ చెవిలో చెప్పాడు. కోళ్ళ మీద వేలు జారకుండా చూసుకోమన్నాడు. చూసుకుంటానన్నాను.